పిరమిడ్ రాజుది, పని ప్రజలది
(స్మారకోపన్యాసం పూర్తి పాఠం)



మాస్టారు జీవితమంతా చరిత్ర పాఠం చెప్పారు. రాజుల పేర్లూ యుద్ధాల తేదీలూ అప్పజెప్పించుకోవడంతో ఆయన పాఠం ముగిసేది కాదు. ప్రతి సంగతికీ ఆధారం ఏమిటో పిల్లల చేతనే అడిగించేవారు. ఆయన పేరిట మాట్లాడమని మీరు పిలిచినప్పుడు ఏ విషయం ఎంచుకోవాలా అని నేను ఎక్కువసేపు ఆలోచించలేదు. లోకమంతా చూసి ఆశ్చర్యపోయేవి, లోకమంతా ఆధారం లేకుండా మాట్లాడేవి ఈజిప్టు పిరమిడ్లు. వాటిని ఎవరు కట్టారు, ఎందుకు కట్టారు అన్న రెండు ప్రశ్నలనే ఈ సాయంత్రం మీ ముందు పెడతాను. రెండింటికీ జవాబులున్నాయి. అవి మట్టిలో, రాతి మీద, పాపిరస్ అనే ఆనాటి కాగితం మీద దొరికాయి.

నేడు పిరమిడ్ల మాట ఎత్తగానే గ్రహాంతరవాసులు కట్టారనో, మాయమైపోయిన ఏదో మహా నాగరికత కట్టిందనో చెప్పేవాళ్ళు చాలామంది. మధ్యయుగపు ఐరోపావారు వాటిని బైబిల్లోని యోసేపు కట్టించిన ధాన్యపు కొట్లనుకున్నారు. ఆ మాటకొస్తే ఇది మనకూ కొత్త కాదు. తెలుగు నేల మీద ఇనుప యుగం నాటి వాళ్ళు పెద్ద పెద్ద బండలు నిలబెట్టి కట్టుకున్న సమాధులను ఊళ్ళవాళ్ళు ఇప్పటికీ రాకాసి గూళ్ళంటారు. అంత బరువు మనిషి ఎత్తలేడు కాబట్టి రాక్షసులే ఎత్తి ఉంటారని నమ్మిక. ఆ నమ్మికలో అమాయకత్వం ఉంది, దానికి తప్పుపట్టనక్కర్లేదు. కానీ ఆధారాలు చేతికొచ్చాక కూడా అదే మాట పట్టుకు వేలాడితే, ఆ బండలు మోసినవాళ్ళ కష్టాన్ని మనం కాజేసినట్టే.

వందేళ్ళ నేర్పు

ఈజిప్టులో వందకు పైగా పిరమిడ్లున్నాయి. మన పాఠ్యపుస్తకాల్లో కనిపించేవి గిజా దగ్గరి మూడే కావడంతో, అవేవో ఒక్కసారిగా ఊడిపడ్డాయన్న భ్రమ కలుగుతుంది. నిజానికి ఆ మూడింటికి ముందు తడబాట్లూ దిద్దుబాట్లూ ఉన్న పెద్ద కథ నడిచింది.

తొలి రాజవంశాల కాలంలో రాజులనూ పెద్ద అధికారులనూ ఎడారి అంచున నేల తవ్వి పూడ్చి, పైన పచ్చి ఇటుకలతో దీర్ఘచతురస్రాకారపు బల్లపరుపు కట్టడం లేపేవారు. దాన్ని మస్తబా అంటారు. క్రీ.పూ. 2650 ప్రాంతంలో మూడో రాజవంశపు రాజు జోసెర్ కోసం సక్కారాలో మొదలుపెట్టిందీ మస్తబాయే. దాన్ని పెంచుతూ పోయి, ఒకదాని మీద ఒకటి చిన్నదవుతూ వచ్చే ఆరు అంతస్తులుగా దాదాపు 60 మీటర్ల ఎత్తుకు తీసుకెళ్ళారు. మెట్ల పిరమిడ్ అలా పుట్టింది. అంత పెద్ద కట్టడాన్ని పూర్తిగా రాతితో లేపడం అదే మొదలు.

ఆ పని చేసినవాళ్ళు రాతికి కొత్త అని ఆ ప్రాంగణంలో నడిస్తే ఇట్టే తెలుస్తుంది. రాతిని చిన్న చిన్న దిమ్మెలుగా కోసి ఇటుకల్లా పేర్చారు. స్తంభాలను రెల్లు మోపుల్లా చెక్కారు. పైకప్పు రాళ్ళను అడుగు వైపున తాటి దుంగల్లా గుండ్రంగా తీర్చారు. ఎప్పటికీ కదలని రాతి తలుపులను సగం తెరిచి ఉన్నట్టు మలిచారు. చేతులు రాతి మీద పనిచేస్తున్నాయి కానీ మనసులో ఉన్నది ఇంకా మట్టీ రెల్లూ కర్రా ఉన్న ఇల్లే. ఈ నిర్మాణానికి కర్తగా చెప్పే ఇమ్‌హొతెప్ పేరు, బిరుదులతో సహా, 1926లో బయటపడ్డ జోసెర్ విగ్రహపు పీఠం మీద చెక్కి ఉంది. రాజు విగ్రహం మీద మరొకరి పేరుండటం చాలా అరుదు. తరవాతి తరాలవాళ్ళు ఇమ్‌హొతెప్‌ను దేవుణ్ణి చేసి కొలిచారు.

ఇక నాలుగో రాజవంశ స్థాపకుడు స్నెఫెరు. ఈయన ఒక్కడి హయాంలోనే మూడు పెద్ద పిరమిడ్ల పని జరిగింది. మైదూమ్‌లో మెట్ల పిరమిడ్‌ను నునుపు పక్కల పిరమిడ్‌గా మార్చబోయారు. దాని పై పొరలు జారిపడి, నేడు రాళ్ళ గుట్ట మధ్య ఒక బురుజులా మిగిలింది. దహ్‌షూర్‌లో రెండోదాన్ని సుమారు 54 డిగ్రీల వాలుతో మొదలుపెట్టారు. కింద నేల కుంగింది, లోపలి గదులు బీటలు వారాయి. గోడలు కూలకుండా దేవదారు దూలాలు అడ్డం పెట్టారు, అవి ఇప్పటికీ లోపల ఉన్నాయి. సగంలో వాలును 43 డిగ్రీలకు తగ్గించి పూర్తిచేశారు. అందుకే అది నడుము వంగినట్టు కనిపిస్తుంది. ఆ పాఠం నేర్చుకున్నాక మూడోదాన్ని మొదటి నుంచీ 43 డిగ్రీల వాలుతోనే కట్టారు. 105 మీటర్ల ఎత్తున్న ఆ ఎర్ర పిరమిడ్, అచ్చమైన పిరమిడ్ ఆకారంలో నిలిచిన మొదటి మహా నిర్మాణం.

మానవాతీత శక్తి కట్టి ఉంటే వాలు తప్పేది కాదు, గోడలు బీటలు వారేవి కావు, దూలాలు అడ్డం పెట్టాల్సిన అవసరం వచ్చేది కాదు. కళ్ళెదుట పగిలిన గోడను చూసి లెక్క మార్చుకున్నది మనుషులే. ఆ నేర్పంతా స్నెఫెరు కొడుకు ఖుఫు చేతికి వచ్చింది. గిజాలో ఆయన పిరమిడ్ ఎత్తు మొదట్లో 146 మీటర్లు దాటింది. ఒక్కో పక్క పొడవు 230 మీటర్లు. రాళ్ళు సుమారు 23 లక్షలు, సగటు బరువు రెండున్నర టన్నులు. నాలుగు పక్కలూ నాలుగు దిక్కులకు ఎంత సరిగ్గా ఉన్నాయంటే తేడా ఒక డిగ్రీలో పదిహేనో వంతు కూడా ఉండదు. పద్నాలుగో శతాబ్దం మొదట్లో ఇంగ్లండ్‌లోని లింకన్ చర్చి శిఖరం లేచేదాకా, అంటే దాదాపు 3,800 ఏళ్ళ పాటు, మనిషి కట్టిన వాటిలో అంత ఎత్తయినది లేదు. జోసెర్ మెట్ల పిరమిడ్ నుంచి ఇక్కడికి రావడానికి పట్టింది దాదాపు వందేళ్ళు.

మెరెర్ రాసిన లెక్కలు

ఇప్పుడు ఎవరు కట్టారన్న ప్రశ్నకు వద్దాం. ఎర్ర సముద్రపు ఒడ్డున వాడీ అల్-జర్ఫ్ అనే చోట ఖుఫు కాలం నాటి రేవు ఒకటుంది. అక్కడి కొండలో తొలిచిన సొరంగాల్లో, విడదీసిన పడవల భాగాలు దాచేవారు. 2013లో ఫ్రెంచి పురావస్తు శాస్త్రవేత్త పియెర్ తాలే బృందానికి ఆ సొరంగాల మూతబండల దగ్గర పాపిరస్ చుట్టల ముక్కలు వందల కొద్దీ దొరికాయి. రాత ఉన్న పాపిరస్‌లలో ప్రపంచంలో ఇప్పటిదాకా దొరికిన అన్నిటికన్నా పాతవి అవే. వాటిలో ఒకటి మెరెర్ అనే ఒక చిన్న అధికారి రాసిపెట్టిన రోజువారీ పని లెక్క.

మెరెర్ కింద సుమారు నలభై మంది ఉన్న జట్టు పనిచేసేది. వాళ్ళ పని నైలు నదికి తూర్పు గట్టున తూరా గనుల్లో కోసిన తెల్లని సున్నపురాయిని పడవల్లో గిజాకు చేర్చడం. పిరమిడ్ పై పొరకు వాడిన మేలైన రాయి అది. లెక్క గళ్ళు గీసి, పైన నెల, దాని కింద రోజులు, ఒక్కో రోజు కింద ఆనాటి పని రాసి ఉంది. ఇవాళ తూరాలో రాళ్ళు ఎక్కించాం, ఇవాళ పడవ బయలుదేరింది, రాత్రి ఖుఫు జలాశయం దగ్గర ఆగాం, మర్నాడు పిరమిడ్ చేరాం, మళ్ళీ ఖాళీ పడవతో తిరుగు ప్రయాణం. పది రోజుల్లో రెండు మూడు సార్లు ఈ రాకపోకలు సాగేవి. నైలుకు వరద వచ్చి నీళ్ళు పిరమిడ్ దాపుకు చేరే నెలల్లో జరిగిన పని ఇది. గిజా రేవు వ్యవహారాలు చూసే పెద్ద అధికారిగా ఖుఫుకు సవతి సోదరుడైన అంఖ్‌హఫ్ పేరు కూడా అందులో ఉంది.

ఈ లెక్కలో దేవుళ్ళ మహిమ గురించి ఒక్క మాట లేదు. పడవ ఎప్పుడు కదిలింది, ఎక్కడ ఆగింది, ఎంతమంది వచ్చారు, తిండి ఎంత అందింది, అంతే. మన తహసీల్దారు కచేరీలో పనిచేసిన ఏ గుమాస్తాకైనా ఇలాంటి రాత పరిచయమే. నాలుగున్నర వేల ఏళ్ళ కిందట మహా పిరమిడ్ పని మీద ఉన్న మనిషి తన చేత్తో రాసిన కాగితం మన చేతికి అందిందంటే, అంతకు మించిన సాక్ష్యం ఏ చరిత్రకారుడు కోరుకోగలడు?

ఇలాంటి సాక్ష్యం పిరమిడ్ లోపల కూడా ఉంది. రాజు గది మీద బరువు పడకుండా దాని పైన ఐదు ఇరుకు అరలు కట్టారు. కట్టాక ఎవరూ అడుగుపెట్టనవసరం లేని చోటు అది. 1837లో దారి చేసుకుని పైకి ఎక్కినప్పుడు అక్కడి రాళ్ళ మీద ఎర్ర రంగుతో రాసిన జట్ల పేర్లు కనిపించాయి. ఖుఫు మిత్రులు అన్నది అందులో ఒక జట్టు పేరు. కొన్ని పేర్లు తలకిందులుగా ఉన్నాయి, కొన్ని పక్క రాయి వెనక్కి పోయి కనబడకుండా ఆగాయి. రాయి గనిలో ఉండగానే రాశారనీ, పేర్చేటప్పుడు అది ఎటు తిరిగితే అటే ఉండిపోయిందనీ అర్థం.

అంత బరువు ఎలా లాగారంటారు. ఆ రోజుల్లో వాళ్ళ దగ్గర ఇనుము లేదు, కప్పీ లేదు. రాగి ఉలులు, గట్టి రాతి సుత్తులు, కర్ర బండ్లు, మోకులు, మనుషులు ఉన్నారు. రాజు గదికి వాడిన గ్రానైట్‌లో కొన్ని రాళ్ళు యాభై టన్నులు దాటినవి. అవి 800 కిలోమీటర్ల పైన దక్షిణాన ఉన్న అస్వాన్ నుంచి నది మీదుగా వచ్చాయి. తరవాతి కాలపు అధికారి జెహుతిహొతెప్ సమాధి గోడ మీద ఒక బొమ్మ ఉంది. చక్రాలు లేని కర్ర బండి మీద పెద్ద విగ్రహాన్ని నాలుగు వరుసల మనుషులు మోకులతో లాగుతున్నారు. బండి ముందు నిలబడిన ఒక మనిషి ఇసుక మీద నీళ్ళు పోస్తున్నాడు. అదేదో పూజ అనుకున్నవాళ్ళున్నారు. ఇసుకను తగిన పాళ్ళలో తడిపితే లాగడానికి కావలసిన బలం సగానికి సగం తగ్గుతుందని 2014లో ఆమ్‌స్టర్‌డామ్ విశ్వవిద్యాలయపు భౌతిక శాస్త్రవేత్తలు ప్రయోగం చేసి చూపారు. 2018లో హత్‌నూబ్ గనుల్లో ఖుఫు కాలపు ఏటవాలు బాట ఒకటి బయటపడింది. రెండు పక్కలా మెట్లు, మోకులు చుట్టడానికి గుంజలు పాతిన గుంటలు ఇంకా కనిపిస్తున్నాయి. గిజాలో బాట ఎటు నుంచి ఎటు తిప్పారన్న చర్చ పండితుల్లో సాగుతూనే ఉంది. మనుషులు లాగారా లేదా అన్న చర్చ మాత్రం ముగిసింది.

రొట్టె, ఎముకలు, సమాధులు

లక్షమంది చొప్పున మూడేసి నెలల వంతులతో ఇరవై ఏళ్ళు కట్టారని గ్రీకు చరిత్రకారుడు హెరొడోటస్ రాశాడు. ఆయన ఈజిప్టు వెళ్ళేసరికే పిరమిడ్‌కు రెండు వేల ఏళ్ళు నిండాయి. నేటి పరిశోధకుల అంచనా అంతకన్నా చాలా తక్కువ, ఒక సమయంలో ఇరవై వేల చుట్టుపక్కల. ఖుఫు పాలన 27 ఏళ్ళనుకుంటే, రోజుకు 230కి పైగా రాళ్ళు చేరాలి. పది గంటల పని దినంలో రెండున్నర నిమిషాలకు ఒక రాయి. అంతమంది మనుషులు, అంత వేగం కావాలంటే వెనక ఎంత వ్యవస్థ ఉండాలో ఆలోచించండి.

ఆ వ్యవస్థ కూడా మట్టిలో దొరికింది. గిజా పీఠభూమికి దక్షిణాన కాకి గోడ అని స్థానికులు పిలిచే పెద్ద రాతి గోడకు అవతల మార్క్ లేనర్ బృందం 1988 నుంచి తవ్వకాలు జరిపి ఒక ఊరినే బయటపెట్టింది. బారకాసుల్లాంటి పొడవాటి గదులు, వీధులు, కొట్లు, రొట్టెలు కాల్చే పొయ్యిలు, గంట ఆకారంలో ఉన్న మందపాటి రొట్టె మూసలు, లెక్కలేనన్ని పశువుల ఎముకలు. ఆవులు, గొర్రెలు, మేకలు దూర ప్రాంతాల నుంచి ఇక్కడికి తోలుకొచ్చేవారు. రొట్టె, బీరు, ఉల్లి, చేపలతో పాటు మాంసం కూడా పనివాళ్ళకు అందేది.

1990లో ఒక గుర్రం కాలు తగిలి మట్టి గోడ ఒకటి బయటపడింది. తవ్విచూస్తే అది పనివాళ్ళ శ్మశానం. జాహీ హవాస్ ఆధ్వర్యంలో అక్కడ తవ్వకాలు జరిగాయి. రాజు పిరమిడ్‌కు కనుచూపు మేరలోనే కూలీలకు, మేస్త్రీలకు, వాళ్ళ భార్యాబిడ్డలకు సమాధులున్నాయి. కొన్నింటిని పిరమిడ్ పనిలో మిగిలిన రాతి ముక్కలతోనే కట్టుకున్నారు. పరలోకంలో ఆకలి కాకుండా రొట్టె కుండలు, బీరు కూజాలు పెట్టుకున్నారు. అస్థిపంజరాల వెన్నుపూసలు బరువులు మోసి అరిగిపోయి ఉన్నాయి. విరిగి సరిగ్గా అతుక్కున్న చేతులున్నాయి. ఒక కాలో చెయ్యో తీసేశాక కూడా ఏళ్ళ తరబడి బతికినవాళ్ళ ఎముకలున్నాయి. అంటే కట్టు కట్టినవాళ్ళున్నారు, కోత కోసి మాన్పినవాళ్ళున్నారు.

వీళ్ళు సినిమాల్లో చూపే కొరడా దెబ్బల బానిసలు కారు. అంతమాత్రాన ఇష్టపడి వచ్చిన వాళ్ళని కూడా అనలేం. రాజ్యం కబురు పెడితే రైతు తన వంతుకు రావలసిందే. రాజు వైభవానికి అరిగిన నడుములు వీళ్ళవే. ఈ రెండు మాటలూ కలిపి చెప్పినప్పుడే చరిత్రకు న్యాయం చేసినట్టు. కూలీలకు మాంసం పెట్టారని మురిసిపోయి వెట్టిని మరచిపోకూడదు. వెట్టి ఉందని చెప్పి, రాజు సమాధికి దగ్గర్లో వాళ్ళకు దక్కిన చోటును లేదనకూడదు.

రాజుకు ఎందుకు

ఇక ఎందుకు కట్టారన్నది. పిరమిడ్ సమాధి. ఇందులో అనుమానపడాల్సింది లేదు. ఖుఫు గదిలో ఎర్ర గ్రానైట్ శవపేటిక ఇప్పటికీ ఉంది. లోపల శరీరం లేదు, ఎందుకంటే ప్రాచీన కాలంలోనే దొంగలు పడ్డారు. హైదరాబాద్ పబ్లిక్ గార్డెన్స్‌లోని రాష్ట్ర పురావస్తు ప్రదర్శనశాలలో ఉన్న మమ్మీని మనలో చాలామంది చూసే ఉంటారు. అది గిజా పిరమిడ్లకు రెండు వేల ఏళ్ళ తరవాతిదని గుర్తుంచుకోవాలి. శరీరాన్ని భద్రపరిచే ఆచారం ఈజిప్టులో అంత కాలం సాగింది.

అయితే సమాధి అని చెప్పి ఊరుకుంటే సగమే చెప్పినట్టు. పిరమిడ్ ఒంటరి కట్టడం కాదు. నది దాపున లోయ ఆలయం, అక్కడి నుంచి పైకి కప్పున్న రాతి బాట, పిరమిడ్‌కు తూర్పున మరో ఆలయం, చుట్టూ ప్రహరీ, రాణులకు చిన్న పిరమిడ్లు, పడవల గుంటలు, పూజారులు కాపురం ఉండే ఊరు, ఇవన్నీ కలిస్తేనే పిరమిడ్. 1954లో ఖుఫు పిరమిడ్ పక్కన గుంటలో, విడదీసి పేర్చిన 1,224 ముక్కల దేవదారు పడవ దొరికింది. కూర్చితే పొడవు 43 మీటర్లు దాటింది. 2021లో దాన్ని కొత్త మ్యూజియానికి తరలించారు.

ఈ ఏర్పాటంతటికీ మూలం ఒక నమ్మకం. మనిషిలోని ప్రాణశక్తిని వాళ్ళు కా అన్నారు. చనిపోయాక కూడా కాకు తిండి కావాలి. రాజు కాకు ప్రతి రోజూ నైవేద్యం అందుతుంటే, అతడు సూర్యుడితో పాటు తిరుగుతాడు, అస్తమించని ఉత్తరపు చుక్కల్లో చేరతాడు, భూమ్మీద పంట, ధర్మం, వరద సక్రమంగా నడుస్తాయి. రాజు ఒక్కడి పరలోకం మీద దేశం మొత్తం క్షేమం ఆధారపడి ఉందని ఆ ప్రజలు నమ్మారు. అందుకే దేశం మొత్తం కదిలి రాయి మోసింది.

ఆ నైవేద్యం ఆగకుండా సాగాలని రాజులు దేశం నలుమూలలా మాన్యాలు రాసిచ్చారు. దహ్‌షూర్‌లో స్నెఫెరు ఆలయపు గోడల మీద ఒక్కో మాన్యాన్నీ నైవేద్యం పట్టుకొచ్చే ఒక్కో స్త్రీగా చెక్కి, ఏ ప్రాంతానిదో పేరు రాశారు. అబూసీర్‌లో ఐదో రాజవంశపు నెఫెరిర్‌కారె ఆలయంలో 1893లో దొరికిన పాపిరస్‌లలో పూజారుల వంతుల పట్టీలు, ఏ రోజు ఏ సరుకు వచ్చిందన్న లెక్కలు, గిన్నెల జాబితాలు, ఏ గిన్నె ఎక్కడ దెబ్బతిన్నదన్న వివరం కూడా ఉంది.

నన్ను అడిగితే పిరమిడ్ ఉద్దేశం ఈ చిట్టాల్లోనే స్పష్టంగా తెలుస్తుంది. రాళ్ళు పేర్చడంతో పని పూర్తి కాదు, తరతరాలుగా ఎవరో ఒకరు రోజూ రొట్టె తెచ్చి పెట్టాలి. అది గ్రహించాకే తరవాతి రాజులు రాతి మీద ఖర్చు తగ్గించి ఆలయాల మీద, మంత్రాల మీద శ్రద్ధ పెంచారు. ఐదో రాజవంశం చివర క్రీ.పూ. 2350 ప్రాంతపు ఉనాస్ పిరమిడ్ ఖుఫు పిరమిడ్ ఎత్తులో మూడో వంతు కూడా లేదు. కానీ దాని లోపలి గోడల నిండా చెక్కిన మంత్రాలున్నాయి, పైకప్పు నిండా చుక్కలున్నాయి. ఫ్రెంచి పండితుడు గాస్తోన్ మాస్పెరో 1881లో వాటిని లోకానికి చూపాడు. ఇంత ప్రాచీనమైన మత వాఙ్మయం ప్రపంచంలో చాలా తక్కువ.

కానీ మాన్యం కూడా శాశ్వతం కాలేదు. చరిత్రకారులు పాత రాజ్యం అనే ఈ పిరమిడ్ల కాలపు రాజ్యం బలహీనపడేకొద్దీ నైవేద్యాలు తగ్గాయి. గిజా మూడు పిరమిడ్లలో ఒకదాన్ని కట్టించిన మెన్‌కౌరె లోయ ఆలయంలోకి జనం కాపురానికి వచ్చి, లోపలే మట్టి ఇళ్ళు కట్టుకున్నారు. తరవాతి పిరమిడ్లను పచ్చి ఇటుకతో కట్టి పైన రాతి తొడుగు వేశారు. తొడుగు పోయాక అవి మట్టి గుట్టలయ్యాయి. క్రీ.పూ. 1525 ప్రాంతంలో అహ్మోస్ కట్టించినదే ఈజిప్టు రాజుల చివరి పిరమిడ్. ఆ తరవాత రాజులు లోయల్లో కొండలు తొలిపించి దాక్కున్నారు. దక్షిణాన నేటి సూడాన్‌లోని కుష్ రాజులు కొన్ని శతాబ్దాల తరవాత ఆ సంప్రదాయాన్ని మళ్ళీ ఎత్తుకుని, చాలాకాలం నిలబెట్టి, రెండు వందలకు పైగా చిన్న పిరమిడ్లు కట్టించారు.

ఖుఫు రూపాన్ని పూర్తిగా చూపే విగ్రహం మనకు ఒక్కటే మిగిలింది. 1903లో ఫ్లిండర్స్ పెట్రీ తవ్వకాల్లో దొరికిన ఆ దంతపు బొమ్మ ఎత్తు ఏడున్నర సెంటీమీటర్లు. ఎప్పటికీ ఆగదనుకున్న నైవేద్యం ఆగిపోయింది. లక్షల టన్నుల రాయీ దాన్ని నిలబెట్టలేకపోయింది. మిగిలింది ఆ రాయిని పేర్చిన మనుషుల నేర్పు, వాళ్ళు రాసుకున్న లెక్క.

మనం చేయాల్సింది

పిరమిడ్ పరిశోధన ఇంకా సాగుతోంది. 2017లో విశ్వ కిరణాల సాయంతో ఖుఫు పిరమిడ్ లోపల దాదాపు 30 మీటర్ల పొడవున్న ఖాళీ ఒకటి ఉందని తేలింది. 2023లో ఉత్తర ముఖాన తొమ్మిది మీటర్ల నడవ ఒకటి కెమెరాకు చిక్కింది. అవి ఎందుకున్నాయో తేలడానికి కాలం పడుతుంది. తేలే లోపు కథలు అల్లేవాళ్ళు అల్లుతూనే ఉంటారు. ఉపాధ్యాయులు ఓపికగా సాక్ష్యాలు చూపుతూ పోవాలి.

ఈ సభలో బడిపంతుళ్ళు, లెక్చరర్లు చాలామంది ఉన్నారు. మీకు రెండు విన్నపాలు. ఒకటి, మీ ఊరి పొలిమేరలో రాకాసి గూళ్ళుంటే పిల్లల్ని తీసుకెళ్ళి చూపించండి. వాటిని మన పూర్వీకులు కట్టారని చెప్పండి. బండలు పగలగొట్టి అమ్ముకోకుండా పంచాయతీ చేత, పురావస్తు శాఖ చేత కాపాడించండి. రెండు, ఈసారి తరగతిలో పిరమిడ్ పాఠం వచ్చినప్పుడు బోర్డు మీద ఖుఫు పేరు రాసి ఆగిపోకండి. పక్కనే మెరెర్ పేరు రాయండి. ఆ పిరమిడ్‌కు రాళ్ళు చేర్చినవాళ్ళలో మనకు పేరు తెలిసిన పనిమంతుడు ఆయన. పిల్లలకు ఆ పేరు చెప్పాల్సిన బాధ్యత మనది.